గని కాలనీలో ‘మ్యాన్ ఆఫ్ ఐరన్’ వేయాలంటే: తెలుగు గొంతుతో చూపించే పద్ధతి

ఆంద్రేయ్ వాయ్దా తీసిన ‘మ్యాన్ ఆఫ్ ఐరన్’ 1981 నాటి పోలండ్ సినిమా. 1980 ఆగస్టులో గ్దాన్స్క్‌లోని లెనిన్ షిప్‌యార్డ్ కార్మికులు చేసిన సమ్మె దాని కథ. 1981లోనే కాన్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి పామ్ డోర్ అందుకుంది. బల్లార్‌పూర్, రాజురా, ఘుగూస్, చంద్రపూర్ చుట్టుపక్కల బొగ్గు గనుల కాలనీల్లో, సిమెంటు ఫ్యాక్టరీల బస్తీల్లో మన తెలుగువాళ్లకు చూపించదగ్గ సినిమా ఇది. అయితే ఏ ఏర్పాటూ లేకుండా ప్రొజెక్టర్ పెట్టి వేస్తే అరగంటకు సగం మంది లేచిపోతారు. దానికి మూడు కారణాలున్నాయి. మాటలన్నీ పోలిష్‌లో ఉంటాయి. కథ 1980 నుంచి వెనక్కి వెళ్తూ వస్తూ ఉంటుంది. తండ్రి, కొడుకు రెండు పాత్రలూ ఒకే నటుడు వేశాడు. మూడింటికీ మందు ఉంది, కానీ కనీసం నెల రోజుల ముందు మొదలుపెట్టాలి.

సబ్‌టైటిల్స్ చాలవు, చదివి వినిపించాలి

సరిహద్దు ఇవతల, మహారాష్ట్రలో పెరిగిన మన పిల్లలు ఇంట్లో తెలుగే మాట్లాడతారు, బడిలో మాత్రం మరాఠీ మీడియం. తెలుగు లిపి చాలామందికి రాదు. కరీంనగర్, ఆదిలాబాద్ జిల్లాల నుంచి వచ్చి గనుల్లో కుదిరిన పెద్దవాళ్లలో తెలుగు చదవగలిగినవాళ్లున్నా, తెర మీద రెండు సెకన్లలో మాయమయ్యే వరసను అందుకోవడం కష్టం. కాబట్టి ఎంతో శ్రమపడి తెలుగు సబ్‌టైటిల్స్ తయారుచేసినా సగం హాలుకు అక్కరకు రావు. ఇంగ్లీషు సబ్‌టైటిల్స్ సంగతి చెప్పనక్కర్లేదు.

పోలండ్‌లోనే దీనికి పాత పద్ధతి ఒకటుంది. అక్కడి టీవీలో విదేశీ సినిమాలకు అందరి మాటలూ ఒక్క గొంతే చదువుతుంది. ఆడైనా, మగైనా, పిల్లలైనా అదే గొంతు. అసలు మాటలు వెనక సన్నగా వినిపిస్తూనే ఉంటాయి. చదివేవాడు నటించడు, గొంతు మార్చడు. పది నిమిషాలు గడిచేసరికి చూసేవాళ్లు ఆ గొంతు సంగతే మరిచిపోయి, మొహాలు చూస్తూ కథలో పడతారు. కాలనీ ప్రదర్శనకు ఇంతకంటే చవకైన, పనికొచ్చే దారి మరొకటి లేదు.

ప్రతిని ఇలా తయారు చేసుకోవాలి. ఇంగ్లీషు సబ్‌టైటిల్ ఫైల్‌ను నోట్‌ప్యాడ్‌లో తెరిస్తే ప్రతి వరస పక్కన సమయం ఉంటుంది. మూడు గళ్ల పట్టిక గీసి మొదటి గడిలో సమయం, రెండో గడిలో ఎవరు మాట్లాడుతున్నారు, మూడో గడిలో తెలుగు మాట రాయండి. నింపాదిగా, స్పష్టంగా చదివితే సెకనుకు రెండు మాటలకు మించి పడవు. మూడు సెకన్ల వరసకు ఆరు మాటలు, అంతే. తెలుగులోకి తెచ్చేటప్పుడు వాక్యం సాగుతుంది కనుక మూడో వంతు కత్తిరించాల్సిందే. పలకరింపులు, గుంపు కేకలు, మొహం చూస్తేనే తెలిసిపోయే కోపతాపాలు తీసేయండి. షిప్‌యార్డ్ లౌడ్‌స్పీకర్లో వినిపించే ప్రకటనలకు సారాంశం చాలు. ఇద్దరు వాదించుకుంటున్న చోట మాత్రం ఒక్క మాట కూడా వదలకూడదు, ఈ సినిమా బలమంతా అక్కడే ఉంది.

చదివే కుర్రాడు మరాఠీ మీడియంవాడైతే మొహమాటపడకుండా తెలుగు మాటలనే దేవనాగరిలో రాసి ఇవ్వండి. తెలుగు లిపిలో తడబడటం కన్నా అది వెయ్యి రెట్లు మేలు. అక్షరాలు 16 పాయింట్లు ఉండాలి, కాగితానికి ఒక వైపే అచ్చు వేయాలి, పిన్ను కొట్టకూడదు. పిన్ను కొట్టిన కట్ట తిప్పినప్పుడల్లా మైకులో గరగర వస్తుంది. విడి కాగితాలైతే చప్పుడు లేకుండా పక్కకు జరిపేయొచ్చు.

చదివేవాళ్లు ఇద్దరుండాలి. సినిమా రెండున్నర గంటలు దాటుతుంది, ఒక్క గొంతు అంతసేపు నిలవదు. విరామానికి ముందు ఒకరు, తర్వాత ఒకరు. పాత్ర పెదవి కదిలిన అర సెకను తర్వాత అందుకోవాలి. ముందే చదివేస్తే ఎవరి మాటో తెలియదు, మరీ వెనకబడితే తర్వాతి మాట మీద పడుతుంది.

మాటల ఎంపికలో ఈ ప్రాంతానికే సంబంధించిన చిక్కు ఒకటుంది. ఆనాటి పోలండ్ పోలీసులను ఇంగ్లీషు సబ్‌టైటిల్స్‌లో ‘మిలీషియా’ అంటారు. గడ్చిరోలి పక్కన కూర్చుని ఆ మాట విన్నవాళ్లకు వేరే అర్థం తడుతుంది. ‘పార్టీ’ అని ఊరికే అన్నా అంతే. అందుకని మొదటి నుంచి చివరి దాకా ‘పోలీసులు’, ‘ప్రభుత్వ పార్టీ’ అనే చదవండి.

పేర్లు పలకడం ముందే ఖాయం చేసుకోండి, ఇద్దరూ ఒకేలా అనాలి: వాయ్దా, గ్దాన్స్క్, గ్దీనియా, వింకెల్, మాచేయ్ తొమ్‌చిక్, బిర్కుత్, అగ్నియేష్కా, లెహ్ వవెన్సా, అన్నా వాలెన్తినోవిచ్. మన పత్రికల్లో ‘వాలెసా’ అని చదివినవాళ్లుంటారు కాబట్టి ‘వవెన్సా’ అంటే ఆ సమ్మె నాయకుడు వాలెసాయేనని పరిచయంలో ఒకసారి చెబితే సరిపోతుంది.

నాలుగు తేదీల చార్టు

తెర పక్కన పెద్ద చార్టు ఒకటి తగిలించండి. దాని మీద నాలుగే వరసలు.

1968 మార్చి: విద్యార్థులు వీధికెక్కారు. కార్మికులు తోడు రాలేదు.

1970 డిసెంబర్: తిండి ధరలు పెంచారు. కార్మికులు వీధికెక్కారు, విద్యార్థులు తోడు రాలేదు. కాల్పులు జరిగాయి.

1976 జూన్: మళ్లీ ధరలు. రాదొమ్, ఉర్సుస్‌లలో సమ్మెలు. ఆ తర్వాత చదువుకున్నవాళ్లు కార్మికులకు అండగా కమిటీ కట్టారు.

1980 ఆగస్టు: అందరూ కలిశారు.

సినిమా మొత్తానికి వెన్నెముక ఇదే. మాచేయ్ తొమ్‌చిక్ 1968లో విద్యార్థి. తండ్రి బిర్కుత్ కార్మికుడు. కార్మికులు కలిసిరావాలని కొడుకు అడిగితే తండ్రి ఒప్పుకోడు. రెండేళ్లకు కార్మికులు రోడ్డెక్కినప్పుడు కొడుకు కదలడు, తండ్రి ఆ కాల్పుల్లో పోతాడు. తర్వాత కొడుకు చదువు వదిలి షిప్‌యార్డ్‌లో చేరతాడు. ఈ రెండు పాత్రలూ యెర్జీ రాజివివోవిచ్ వేశాడు. ముందే చెప్పకపోతే, చచ్చిపోయినవాడు మళ్లీ ఎలా వచ్చాడని హాల్లో గుసగుసలు మొదలవుతాయి, అవి ఇక ఆగవు. పరిచయంలోనే చార్టు మీద రెండు పేర్లూ చూపించి, తండ్రీకొడుకులు ఒకే మొహమని చెప్పండి. గతంలోకి వెళ్లిన ప్రతిసారీ చదివేవాళ్లు ‘1970 డిసెంబర్’ అని ఏడాది మాత్రం పలకాలి. వ్యాఖ్యానం అక్కర్లేదు.

పరిచయం పది నిమిషాలు దాటకూడదు. అందులో మరో రెండు సంగతులు చెప్పాలి. ఒకటి: ఈ కథను నడిపేది హీరో కాదు, వింకెల్ అనే రేడియో విలేకరి. తాగుబోతు, భయస్తుడు. తొమ్‌చిక్ మీద బురద చల్లే కార్యక్రమం తయారు చెయ్యమని పైవాళ్లు అతన్ని గ్దాన్స్క్ పంపుతారు. తొమ్‌చిక్ గురించి తెలిసినవాళ్లను ఒక్కొక్కరినే కలుస్తాడు. వాళ్లు చెబుతుంటే గతం తెర మీదికి వస్తుంది. వింకెల్ మొహంలో మార్పు చూడమని చెబితే ప్రేక్షకులకు దారి దొరుకుతుంది. రెండు: నలుపు తెలుపులో, గరుకుగా కనిపించే దృశ్యాల్లో చాలా భాగం నిజంగా ఆనాడు తీసినవే. నటుల మధ్య అసలు మనుషులూ ఉన్నారు. మాచేయ్, అగ్నియేష్కాల పెళ్లిలో సాక్షులుగా నిలబడ్డది నిజమైన వవెన్సా, నిజమైన వాలెన్తినోవిచ్.

వాలెన్తినోవిచ్ ఎవరో తప్పకుండా చెప్పండి. ఆమె క్రేన్ ఆపరేటర్. ఇంకో అయిదు నెలల్లో రిటైర్ కావాల్సిన మనిషిని 1980 ఆగస్టులో పని నుంచి తీసేశారు. ఆమెను తిరిగి తీసుకోవాలని అడుగుతూ ఆగస్టు 14న సమ్మె మొదలైంది. గేట్ మీటింగులు, సస్పెన్షన్లు, చార్జిషీట్లు తెలిసిన గని కార్మికులకు ఇంతకు మించి వివరించక్కర్లేదు.

హాలు, తెర, కరెంటు

సమాజ్ మందిర్ గానీ యూనియన్ ఆఫీసు హాలు గానీ చాలు. ఆరుబయట వద్దు. ఆరుబయట రాత్రి పది దాటితే లౌడ్‌స్పీకర్‌కు చట్టం ఒప్పదు, పైగా ఈ సినిమాలో సగం దృశ్యాలు చీకటి గదుల్లో నడుస్తాయి, వీధిలైటు పడితే ఏమీ కనిపించదు. నవంబర్ నుంచి ఫిబ్రవరి మధ్య పెట్టుకుంటే తొందరగా చీకటి పడుతుంది. ఏప్రిల్, మే నెలల్లో చంద్రపూర్ ఎండకు రేకుల హాలు రాత్రి ఎనిమిదికి కూడా చల్లారదు.

తెరకు అతుకులేని తెల్లని మందపాటి గుడ్డ వాడి, వెనక నల్లగుడ్డ కట్టండి. లేకపోతే వెనక నుంచి వెలుతురు దూరి బొమ్మ పాలిపోతుంది. కింది అంచు నేల నుంచి నాలుగడుగులు ఉండాలి, చాపల మీద కూర్చున్న వెనక వరసవాళ్లకు ముందువాళ్ల తలలు అడ్డం రావు. పూర్తి చీకటి చేసిన హాల్లో పదడుగుల తెరకు 3000 ల్యూమెన్ల ప్రొజెక్టర్ సరిపోతుంది. ప్రొజెక్టర్ కాగితాల్లో ‘త్రో రేషియో’ 1.5 అని ఉంటే పదడుగుల వెడల్పు బొమ్మకు పదిహేను అడుగుల దూరంలో పెట్టాలి. ఆ లెక్క ముందే చూసుకోకపోతే సరిగ్గా జనం మధ్యలో బల్ల వేయాల్సి వస్తుంది.

కరెంటు లెక్క జాగ్రత్తగా చూడండి. ప్రొజెక్టర్ 250 నుంచి 300 వాట్లు, ల్యాప్‌టాప్ 65, ఆంప్లిఫయర్ సుమారు 100. మొత్తం 450 వాట్ల దాకా అవుతుంది. ఇళ్లలో వాడే 150 ఏహెచ్ బ్యాటరీ ఒకటి ఈ భారాన్ని రెండు, రెండుంపావు గంటలకు మించి మోయదు, అది కూడా బ్యాటరీ కొత్తదైతే. మన సినిమా అంతకంటే పెద్దది. కాబట్టి రెండు బ్యాటరీలుండాలి, లేదా కిలోవాట్ పెట్రోల్ జనరేటర్ మాట్లాడుకోవాలి. జనరేటర్‌ను గోడకు అవతల యాభై అడుగుల దూరంలో, పొగ హాల్లోకి రాని వైపు పెట్టండి. ప్రొజెక్టర్‌కూ ల్యాప్‌టాప్‌కూ విడిగా చిన్న యూపీఎస్ తప్పనిసరి. ల్యాంపు ప్రొజెక్టర్‌లో కరెంటు హఠాత్తుగా పోతే ఫ్యాను ఆగిపోతుంది, లోపలి వేడికి ల్యాంపు చెడిపోతుంది.

సౌండ్‌కు రెండు దారులుండాలి: ఒకటి సినిమాకు, ఒకటి చదివే మైకుకు. స్పీకర్లు తెరకు రెండు పక్కలా, చదివేవాళ్లు స్పీకర్ల వరసకు వెనక పక్కగా, తెర కనిపించే చోట కూర్చోవాలి. స్పీకర్లకు ఎదురుగా మైకు పెడితే కూత పెడుతుంది. చదివేటప్పుడు సినిమా సౌండ్ తగ్గించి, మాటలు లేనప్పుడు పెంచడానికి ఒక మనిషి మిక్సర్ దగ్గరే ఉండాలి. ఆ మనిషి కూడా రిహార్సల్‌కు రావాలి. సౌండ్ పూర్తిగా మాత్రం ఎప్పుడూ తీసేయకండి. పోలిష్ గొంతుల్లోని వణుకు, కోపం జనానికి చేరాలి, అర్థం తెలుగు చెబుతుంది.

ఇక ఎక్కువమంది దెబ్బతినేది సమయాల దగ్గర. సినిమా సెకనుకు 24 ఫ్రేములతో తీసింది. యూరప్ డీవీడీ కాపీలు 25 ఫ్రేములతో నడుస్తాయి. ఒక కాపీకి రాసిన సమయాలను రెండో కాపీకి వాడితే తేడా క్రమంగా పెరిగి గంటకు రెండు నిమిషాలు దాటుతుంది. మొదటి పది నిమిషాల్లో కొద్దిగా, గంట తర్వాత బాగా తేడా వచ్చిందంటే ఇదే జబ్బు. సబ్‌టైటిల్ ఎడిట్ అనే ఉచిత ప్రోగ్రాంలో ఫ్రేమ్ రేట్ మార్చి మళ్లీ సమయాలు తీసుకోవాలి. మొదటి నుంచి చివరి దాకా ఒకే తేడా ఉంటే మాత్రం మొత్తాన్ని అన్ని సెకన్లు జరిపితే చాలు. రిహార్సల్ ఏ ఫైల్‌తో చేశారో ప్రదర్శన కూడా అదే ఫైల్‌తో చేయండి. ఆఖరి రోజు ఎవరో ‘ఇంకా క్లియర్‌గా ఉన్న కాపీ’ తెస్తే తీసుకోకండి.

అనుమతులు

పెన్‌డ్రైవ్‌లో సినిమా ఉండటం, చూపించే హక్కు ఉండటం వేర్వేరు. హక్కుదారు ఎవరో, టికెట్ లేని ప్రదర్శనకు ఏం చేయాలో న్యూఢిల్లీలోని పోలిష్ ఇన్‌స్టిట్యూట్‌కు రెండు నెలల ముందే రాసి అడగండి. బహిరంగ ప్రదర్శనకు 1952 సినిమాటోగ్రాఫ్ చట్టం కింద సర్టిఫికెట్ విషయం కూడా వస్తుంది కాబట్టి దగ్గర్లో ఉన్న ఫిల్మ్ సొసైటీతో కలిసి చేయడం తేలిక, ఆ వ్యవహారం వాళ్లకు అలవాటే. పోలీస్ స్టేషన్‌లో సినిమా పేరు, ఏడాది, దేశం, తేదీ, వేళ రాసిన ఉత్తరం ఇచ్చి ముద్ర వేయించుకోండి. ‘సమ్మె సినిమా’ అని నోటిమాటగా తెలిసి వచ్చి ఆపడం కన్నా, కాన్ బహుమతి సినిమా అని కాగితం మీద ముందే తెలియడం మంచిది.

ప్రదర్శన సాయంత్రం

ఆదివారం పెట్టండి. ఆరింటికి పరిచయం, ఆరూ పదికి సినిమా. విరామం గంటా పావు తర్వాత, కథ గతం నుంచి వింకెల్ దగ్గరికి తిరిగొచ్చిన చోట ఇవ్వాలి. 1970 మధ్యలో ఆపితే తిరిగొచ్చినవాళ్లకు తల తిరుగుతుంది. టీకి పదిహేను నిమిషాలు. తొమ్మిదింటికి సినిమా అయిపోతుంది, చర్చకు అరగంట మిగులుతుంది. తెల్లవారి మొదటి షిఫ్ట్‌కు వెళ్లాల్సినవాళ్లు పదింటికి ఇల్లు చేరాలి.

చదివేవాళ్లు పూర్తిగా నోరు మూసుకోవాల్సిన చోట్లు రెండున్నాయి. మొదటిది హోటల్ స్నానాల గదిలో. సమ్మె రోజుల్లో గ్దాన్స్క్‌లో మద్యం అమ్మకం ఆపేశారు, షిప్‌యార్డ్ లోపలికీ సీసా రానివ్వలేదు. వింకెల్ దాచుకున్న వోడ్కా సీసా చేజారి నేల మీద పగులుతుంది. అతను మోకాళ్ల మీద కూర్చుని తువ్వాలుతో నేల మీది వోడ్కా అద్ది పిండుకుంటాడు. గాజు పెంకులు, తడి తువ్వాలు, ఆ చేతుల ఆత్రం. మనిషిని పైవాళ్లు ఎలా గుప్పిట్లో పెట్టుకున్నారో అక్కడ మాట లేకుండా తెలిసిపోతుంది. 2015 నుంచి 2021 దాకా దారూబందీ (మద్య నిషేధం) చూసిన చంద్రపూర్ జిల్లావాళ్లకు, ముఖ్యంగా ఆడవాళ్లకు, ఆ దృశ్యం గట్టిగా తగులుతుంది. అప్పుడు హాల్లో ఎవరైనా పైకి మాట్లాడినా వారించకండి.

రెండోది చివర్లో, అగ్నియేష్కాగా వేసిన క్రిస్తినా యాందా పాడే పాట. 1970 డిసెంబర్ 17న గ్దీనియాలో కాల్పుల్లో చనిపోయిన 18 ఏళ్ల జ్బిగ్నియెవ్ గొద్లెవ్‌స్కీని జనం తలుపు చెక్క మీద పడుకోబెట్టి వీధుల్లో మోసుకెళ్లారు. అతని పేరు తెలియక పాట కట్టినవాళ్లు యానెక్ విష్నియెవ్‌స్కీ అని పెట్టారు. ముందు రోజు సాయంత్రమే పనికి తిరిగి రమ్మని టీవీలో పిలుపిచ్చారు, ఆ మాట నమ్మి పొద్దున్నే రైలు దిగిన కార్మికుల మీద కాల్చారు. ఈ నాలుగు వాక్యాలను విరామంలో చెప్పేయండి. పాట నడిచేటప్పుడు మైకు ఆపేయండి.

ముగింపుకు ముందు ప్రభుత్వ మనిషి ఒకడు, ఒప్పందం వట్టి కాగితమే, బలవంతం మీద పెట్టిన సంతకం చెల్లదు అంటాడు. ఈ మాట స్పష్టంగా, తొందరపడకుండా చదవాలి. సినిమా పోలండ్‌లో 1981 జూలైలో విడుదలైంది. ఆ డిసెంబర్ 13నే అక్కడ సైనిక పాలన విధించారు.

చర్చలో వచ్చే ప్రశ్నలు

ఎర్రజెండా యూనియన్లో ముప్పై ఏళ్లు పనిచేసిన పెద్దమనిషి లేచి, కమ్యూనిస్టు రాజ్యంలో కార్మికుల మీద తుపాకులా, ఇది పరాయి దేశాల ప్రచారం కాదా అని అడగడం ఖాయం. అది న్యాయమైన ప్రశ్న. దాన్ని నవ్వి కొట్టేయకూడదు, వాదనతోనూ గెలవాలని చూడకూడదు. సమ్మె కమిటీ పెట్టిన 21 డిమాండ్లు తీసి చదవండి. 1970 కాల్పుల్లో అధికారిక లెక్కల ప్రకారమే 40 మందికి పైగా పోయారని చెప్పండి. ఫ్యాక్టరీలను ప్రైవేటుకు ఇవ్వాలని ఆ 21లో ఎక్కడా లేదు. నెలకు 2000 జ్లోతీలు పెంచమన్నారు. ధర పెరిగితే జీతం దానంతట అదే పెరగాలన్నారు. 1970, 1976 సమ్మెల తర్వాత తీసేసినవాళ్లను తిరిగి తీసుకోమన్నారు. పార్టీ సభ్యత్వం చూసి కాదు, పని తెలుసా అని చూసి అధికారులను పెట్టమన్నారు. మూడేళ్ల ప్రసూతి సెలవు జీతంతో ఇమ్మన్నారు, శిశువిహారాల్లో చోటు అడిగారు, శనివారం సెలవు అడిగారు. ఆగస్టు 31న ఉప ప్రధాని యాగియెల్స్కి, వవెన్సా సంతకాలు పెట్టిన ఒప్పందంలో, రాజ్యంలో పార్టీ నాయకత్వ పాత్రను కొత్త యూనియన్ ఒప్పుకుంటున్నట్టు కూడా రాసి ఉంది.

మొదటి డిమాండ్ దగ్గర కాస్త ఆగండి. అంతర్జాతీయ కార్మిక సంస్థ 87వ ఒప్పందం ప్రకారం, పార్టీకీ యాజమాన్యానికీ లోబడని స్వతంత్ర యూనియన్ కావాలని అందులో అడిగారు. ఆ 87ను, దాంతో పాటు వచ్చే 98ని మన దేశం ఇప్పటికీ ఆమోదించలేదు. ఇది చెప్పాక చర్చ పోలండ్‌ను దాటి గని గేటు దగ్గరికి వస్తుంది. ఇక మీరు మాట్లాడటం తగ్గించండి.

తర్వాత షిప్‌యార్డ్ ఏమైందని అడుగుతారు. దాచకుండా చెప్పండి. ఆ సమ్మెలోంచి పుట్టిన సాలిడారిటీ యూనియన్‌లో కోటి మంది దాకా చేరారు. 1982లో దాన్ని రద్దు చేశారు, 1989లో తిరిగి చట్టబద్ధమైంది. వవెన్సా 1990లో దేశాధ్యక్షుడయ్యాడు. షిప్‌యార్డ్ 1996లో దివాలా తీసింది. గెలిచిన సమ్మెకు చివరికి మిగిలిందేమిటన్న ప్రశ్న దీనితో లేస్తుంది. దానికి హాల్లో తలో జవాబు చెప్పనివ్వండి, వేదిక మీంచి తీర్పు ఇవ్వకండి.

డిమాండ్ల ప్రతులు ఒక వైపు తెలుగులో, ఒక వైపు మరాఠీలో అచ్చు వేయించి చర్చ అయ్యాక తలుపు దగ్గర పంచండి. ముందే పంచితే సినిమా మధ్యలో ఫోన్ లైట్లు వేసుకుని చదువుతారు. జనానికి నచ్చితే రెండు మూడు నెలలాగి, బిర్కుత్ తాపీ పనివాడిగా ఉన్న రోజుల కథ ‘మ్యాన్ ఆఫ్ మార్బుల్’ వేయవచ్చు. అది 1977లో వచ్చింది, ఇంతకంటే పొడవైనది. వరసలో అదే ముందుదైనా, కొత్త ప్రేక్షకులకు మాత్రం ‘ఐరన్’తోనే మొదలుపెట్టండి. రెండూ ఒకే రోజు పెట్టుకోవద్దు.